చెవులకి రాశావా?

మొదటి రోజు: దార్ ఎస్ సలామ్, టాంజానియా

విమానాశ్రయం గుమ్మం దాటగానే టాక్సీవాళ్ళు నన్నూ మా ఆయన్నీ వదిలేసి తిన్నగా మా తమ్ముడి మీద పడ్డారు. "ముజుంగు! టాక్సీ, ముజుంగు?" వాడు నా పక్కకి జరిగి, "ఏమంటున్నారక్కా?" అన్నాడు. మా ఆయన సూట్‌కేసు లాక్కుంటూ, "దొరా, టాక్సీ కావాలా అంటున్నారు" అని నవ్వారు.

"ఇంత దూరం వచ్చినా అదే పేరా బావా!"

బాపట్లలో వాడి అసలు పేరు పోస్ట్‌మ్యాన్‌కి తప్ప ఎవరికీ అక్కర్లేదు. బళ్ళో దొర, కిరాణా కొట్లో దొర, ఇప్పుడు పనిచేసే బ్యాంకులో కూడా వెనకాల దొరే. వాడికి పుట్టుకతో అల్బినిజం. ఒళ్ళు పాల రంగు, జుట్టు ఎండుగడ్డి రంగు. కనుగుడ్లు ఎప్పుడూ సన్నగా అటూ ఇటూ ఊగుతుంటాయి. ఏదన్నా చదవాలంటే తల ఎడమకి వంచి కాగితాన్ని ముక్కు దాకా తెచ్చుకుంటాడు. అలా వంచితే కళ్ళు కాస్త కుదురుగా ఉంటాయట.

వాడు పుట్టినప్పుడు, అమ్మ గ్రహణం వేళ కత్తిపీట ముట్టుకుందని మా నాయనమ్మ తేల్చేసింది. ఎదురింటావిడేమో కుంకుమపువ్వు పాలు మరీ ఎక్కువ తాగిందంది. పేరున్న ఒక చర్మవైద్యుడు బొల్లి అని చెప్పి రెండేళ్ళు ఆయింట్‌మెంట్ పూయించాడు. మా అమ్మానాన్నలది మేనరికం. నేను హైస్కూల్లో జీవశాస్త్రం టీచర్ని. ఏటా వారసత్వం పాఠం చెబుతాను గానీ, మా ఇంటి ఉదాహరణ మాత్రం ఏ ఏడూ నోట రాలేదు.

ఈ ప్రయాణానికి కారణం మా ఆయన ఫ్యాక్టరీలో స్టోర్‌కీపర్. ఆయన పదకొండేళ్ళుగా ఇక్కడ ఒక ప్లాస్టిక్ కంపెనీలో ఎకౌంట్స్ చూస్తున్నారు. ఆ స్టోర్‌కీపర్‌ది విక్టోరియా సరస్సులోని ఉకెరెవె దీవి. వాళ్ళక్కకి నలుగురు పిల్లలు, ఇద్దరికి అల్బినిజం. మా ఆయన టేబుల్ మీద ఫోటోలో మా తమ్ముణ్ణి చూసి, "ఇండియాలోనూ ఉంటారా?" అన్నాడట. తర్వాత వాడి వయసెంత, ఉద్యోగమేంటి అని అడిగి, "ఒకసారి తీసుకురండి సార్. మా పిల్లలు చూడాలి" అన్నాడట. చూడ్డానికి ఏముందీ అనుకున్నాను అప్పుడు.

అమ్మ మాత్రం ఒప్పుకోలేదు. ఆ దేశంలో ఇలాంటి పిల్లల్ని చేతులు నరికి అమ్ముకుంటారని ఎవరో వీడియోలు చూపించారు. చివరికి సంక్రాంతి అరిసెలు డబ్బాకెత్తి ఇస్తూ కూడా నాతో మాట్లాడలేదు.

రెండో రోజు

ఎండ. పొద్దున తొమ్మిదింటికే గోడలు కాలుతున్నాయి. జనవరి ఇక్కడ నడివేసవి. కరియాకో మార్కెట్లో తమ్ముడికి పెద్ద అంచు టోపీ కొన్నాం. ఊళ్ళో వాడు పెట్టుకునేది క్రికెట్ టోపీ, నుదురు తప్ప ఏదీ దాగదు.

సాయంత్రం స్టోర్‌కీపర్ ఇంటికొచ్చి మాకు మాటలు నేర్పాడు. "జేరుజేరు" అనొద్దు, అది తిట్టు, దయ్యం లాంటివాడని దాంట్లో ధ్వని. "మ్తు మ్వెన్యే ఉఆల్బినో" అనాలి, అంటే అల్బినిజం ఉన్న మనిషి. అంత పొడుగు మాట మా నోళ్ళు తిరగడానికి రెండు టీలు పట్టింది. పెద్దవాళ్ళు కనిపిస్తే "షికామో" అనాలట, మీ పాదాలు పట్టుకుంటున్నాను అని అర్థం. ఇది మాత్రం మాకు వెంటనే వచ్చేసింది.

ప్రపంచం మొత్తమ్మీద 17 వేల నుంచి 20 వేల మందిలో ఒకరికి అల్బినిజం ఉంటుందంటారు. టాంజానియాలో 1,400 మందిలో ఒకరికి ఉండొచ్చని అంచనా. 2008లో అప్పటి అధ్యక్షుడు కిక్వెతే అల్-షైమా క్వెగిర్ అనే ఆవిణ్ణి పార్లమెంటుకి నామినేట్ చేశాడు. 2010లో లిండి పట్టణం నుంచి సలూమ్ బర్వానీ ఓట్లతోనే గెలిచాడు. ఇద్దరికీ అల్బినిజమే. ఇదంతా స్టోర్‌కీపర్ వేళ్ళమీద లెక్కపెట్టి చెబుతుంటే మా తమ్ముడు, "మన దగ్గర కనీసం వార్డు మెంబరైనా ఉన్నాడా అక్కా?" అన్నాడు. నాకు తెలిసి లేడు.

మూడో రోజు: మోషీకి బస్సు

పది గంటల ప్రయాణం. చలింజె దాటాక మైళ్ళకొద్దీ కిత్తనార తోటలు, తర్వాత బావోబాబ్ చెట్లు. బస్సెక్కే ముందే తమ్ముడు లెక్క వేశాడు: మనం వెళ్ళేది వాయవ్యం వైపు, మధ్యాహ్నం దాకా ఎడమ సీటు, ఆ తర్వాత కుడి సీటు. బాపట్ల నుంచి గుంటూరు బస్సులో కూడా వాడిదిదే లెక్క. ఏ ఊరి బస్సయినా ఎండ ఏ కిటికీలోంచి పడుతుందో కండక్టరుకన్నా ముందు వాడికి తెలుస్తుంది. నేను పుట్టి ఇన్నేళ్ళలో ఏ బస్సులోనూ ఆ సంగతి ఆలోచించలేదు. సాయంత్రం మబ్బు విడి కిలిమంజారో కనిపించింది. వాడికి కనిపించలేదు. "తెల్లగా ఉందా?" అన్నాడు. పైన మాత్రమే అన్నాను.

నాలుగో రోజు: మోషీ

కిలిమంజారో క్రిస్టియన్ మెడికల్ సెంటర్‌ని అందరూ కేసీఎంసీ అంటారు. 1971 నాటి ఆసుపత్రి. అందులో 1992లో చర్మవ్యాధుల శిక్షణ కేంద్రం పెట్టారు. చుట్టుపక్కల దేశాల వైద్య సిబ్బంది కూడా ఇక్కడికొచ్చి నేర్చుకుని వెళ్తారు.

ఇక్కడ నా బుర్రలో ఉన్న లెక్కంతా తిరగబడింది. నేను బయల్దేరింది కత్తుల భయంతో. ఇక్కడివాళ్ళు మాట్లాడేదంతా ఎండ గురించే. రంగునిచ్చే మెలనిన్ లేని ఒంటికి భూమధ్యరేఖ దగ్గర ఎండ తగిలితే పసితనంలోనే బొబ్బలు, ఇరవై దాటేసరికి మచ్చలు, పుండ్లు, ఆ తర్వాత క్యాన్సర్. నలభై దాటి బతికేవాళ్ళు తక్కువని చాలాకాలంగా చెబుతున్నారు. హత్య జరిగితే పేపర్లో వస్తుంది. మెడ మీద పుండుతో మొక్కజొన్న చేలో పనిచేసి పనిచేసి పోయినవాడి సంగతి ఎవరు రాస్తారు?

బెంచీ మీద మా పక్కన అలాంటి మనిషే కూర్చున్నాడు. నలభైకి దగ్గర్లో ఉంటాడు. మెడకి కట్టు, దాని మీద ఆడవాళ్ళు కట్టుకునే కాంగా గుడ్డ. రైతు. చిన్న పొక్కని రెండేళ్ళు ఊరుకున్నాడట. ఆస్పత్రికి రావాలంటే బస్సు చార్జీ, ఆ రోజు కూలి రెండూ పోతాయి. అతను మా తమ్ముడి మొహం వంక, చేతుల వంక చూసి మా ఆయన్ని ఏదో అడిగాడు. "వీడు పొలం పని చేయడా అంటున్నాడు" అన్నారాయన. చేయడు, బ్యాంకులో ఫ్యాను కింద కూర్చుంటాడు అని చెప్పాం. అతను తలూపి, "మరి చర్మం బాగుంటుంది" అన్నాడు. అసూయగా ఏమీ అనలేదు, డాక్టరు చెప్పినట్టుగానే చెప్పాడు.

కిలిసన్ అనే సన్‌స్క్రీన్ మోషీలోనే తయారవుతుంది. మఫాల్దా సోతో అనే స్పెయిన్ ఫార్మసిస్టు చొరవతో మొదలైంది. అల్బినిజం ఉన్నవాళ్ళకోసమే కలిపిన క్రీమ్, క్లినిక్కుల్లో ఉచితంగా ఇస్తారు. మా ఊళ్ళో మందుల షాపులో చిన్న ట్యూబు 500 రూపాయలు, అదీ పెళ్ళికూతుళ్ళ మేకప్ సామాను పక్కన పెడతారు. 2025లో ప్రపంచ ఆరోగ్య సంస్థ సన్‌స్క్రీన్‌ని అత్యవసర మందుల జాబితాలో చేర్చింది. ఇన్నాళ్ళకా అనిపించింది.

ఫీజు కట్టి తమ్ముణ్ణి కూడా చూపించాం. నర్సు పెద్దావిడ. మొహం చూసింది, చేతులు చూసింది, బాగుందంది. తర్వాత ఏమీ చెప్పకుండా చెవి మడిచి, టార్చి వేసి, బొటనవేలితో పైఅంచు మీద రుద్దింది. అక్కడ గరుకుగా, ఆవగింజంత పొలుసు. నేను రోజూ చూసే చెవి. ఎన్నడూ కనబడలేదు. "ఇక్కడ రాస్తావా?" అంది. వాడు మొహానికి, చేతులకి రాస్తానన్నాడు. "చెవులకి?" లేదన్నాడు. ఆవిడ నాలుక చప్పరించింది, మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళు చేసే శబ్దమే. లోపల్నుంచి డాక్టరు ఫ్లాస్కు తెచ్చాడు. మూత తీస్తే తెల్లటి పొగ. ద్రవ నైట్రోజన్‌లో ముంచిన దూదిపుల్ల పొలుసు మీద ఆనించి పది లెక్కపెట్టాడు. తమ్ముడు నా చేతి గాజులు విరుగుతాయేమో అన్నంత గట్టిగా పట్టుకున్నాడు. ఇప్పుడే తీసేస్తే భయం లేదు, వదిలేస్తే ముదరొచ్చు అన్నాడు డాక్టరు.

ముప్పై నాలుగేళ్ళలో ఎంతమంది డాక్టర్లకి చూపించాం. చెవుల మాట ఒక్కరు చెప్పలేదు. పిల్లలకి మెలనిన్ గురించి బోర్డు మీద రాసే నేను కూడా చెప్పలేదు.

ఐదో రోజు

కిలిమంజారో విమానాశ్రయం నుంచి చిన్న విమానంలో మ్వాన్జా. మా నోళ్ళలో అది తాటిముంజె అయిపోయింది. సరస్సు ఒడ్డున కొండరాళ్ళ మీద ఊరు. రాయి మీద రాయి, దాని మీద ఇల్లు.

సాయంత్రం బస్టాండు దగ్గర చపాతీ తింటుంటే ఒక కుర్రాడు తమ్ముడి కళ్ళు చూసి, స్నేహితుడితో "దిలి" అని నవ్వాడు. మా ఆయన మొహం మాడిపోయింది. బిల్లు కట్టి మమ్మల్ని లేపేశారు. గదికొచ్చాక చెప్పారు. ఇంగ్లీషు డీల్ ఇక్కడ దిలి అయింది. బేరం. ఇలాంటి మనిషి ఒంట్లో ముక్కకి డబ్బొస్తుందని. ఆ కుర్రాడు ఏదో వెటకారానికే అని ఉంటాడు, మన పోకిరీల్లాగే. కానీ ఇక్కడ ఆ మాట వెనక నిజంగా రేటు ఉంది. ఆ రాత్రి నాకు నిద్ర లేదు. తమ్ముడు మాత్రం గురక.

ఆరో రోజు: సెంగెరెమా

మ్వాన్జా నుంచి దక్షిణంగా వెళ్ళి, 2025 జూన్‌లో తెరిచిన మూడు కిలోమీటర్ల వంతెన దాటి సెంగెరెమా చేరాం. అంతకుముందు ఫెర్రీ కోసం గంటలు గంటలు కాచుక్కూర్చునేవారట.

ఈ చుట్టుపక్కలదే సుకుమా ప్రాంతం. బంగారు గనులు, చేపల వేట. అల్బినిజం ఉన్నవాళ్ళ ఎముకో వెంట్రుకో కలిపిన మందు దగ్గరుంటే బంగారం పడుతుందని, వలలు నిండుతాయని కొందరు మంత్రగాళ్ళు నమ్మించారు. 2008లో విక్కీ ఎన్‌తెతెమా అనే విలేకరి మారువేషంలో వెళ్ళి బీబీసీకి ఈ బేరాలు బయటపెట్టింది, ఆ తర్వాత ప్రాణభయంతో దాక్కోవలసి వచ్చింది. 2000 తర్వాత టాంజానియాలో 70 మందికి పైగా హతులయ్యారని ఐక్యరాజ్యసమితి చెప్పింది. 2015 జనవరిలో ప్రభుత్వం మంత్రగాళ్ళని నిషేధించింది. 2025 ఫిబ్రవరిలో అరూషాలోని ఆఫ్రికా మానవ హక్కుల న్యాయస్థానం, వీళ్ళని కాపాడ్డంలో టాంజానియా విఫలమైందని తీర్పిచ్చింది. దాడులు ముందుకన్నా తగ్గాయని స్టోర్‌కీపర్ అన్నాడు. "తగ్గాయి సార్, ఎన్నికలప్పుడు మాత్రం మా అక్క పిల్లల్ని బడికి పంపదు." ఎన్నికలకీ దీనికీ ఏమిటని అడిగాను. గెలవాలనుకునేవాళ్ళకి కూడా మందు కావాలి కదమ్మా అన్నాడు.

ఇక్కడ ఒక స్మారకం ఉంది. లోహంతో చేసిన నిలువెత్తు విగ్రహం. నల్లటి తండ్రి, భుజాల మీద అల్బినిజం ఉన్న బిడ్డ, పక్కన తల్లి ఆ బిడ్డ తలమీద టోపీ పెడుతూ. తల్లి చేతులే నేను ఎక్కువసేపు చూశాను. టోపీని అటూ ఇటూ లాగి సరిచేసే చేతులవి. మా అమ్మ బడికి పంపే ముందు తడి తుండు మడతపెట్టి వీడి నెత్తిన వేసి, మెడ వెనక్కి దించేది. పిల్లలు "ముసలమ్మా" అని ఏడిపిస్తే వీడు సందు మలుపులో తీసేసేవాడు.

కింద దాడులకి గురైన 139 మంది పేర్లున్నాయి. చంపబడ్డవాళ్ళు, కాళ్ళూచేతులూ పోగొట్టుకున్నవాళ్ళు, సమాధుల్లోంచి ఎత్తుకుపోబడ్డవాళ్ళు కూడా. అక్షరాలు తమ్ముడికి అందలేదు. "చదువక్కా" అన్నాడు. చదివాను. తలకాయ వంచి వింటున్నాడు. ఇరవైయో ఇరవై ఒకటో పేరు దగ్గర "చాల్లే, ఎండగా ఉంది" అన్నాడు.

ఏడో రోజు: ఉకెరెవె

ఫెర్రీలో మూడు గంటలు. 1996లో ఎంవీ బుకోబా అనే ఓడ ఈ మ్వాన్జా దగ్గరే మునిగి 800 మందికి పైగా పోయారని మా ఆయన దిగాక చెప్పారు. ఎక్కకముందు చెబితే నేను ఎక్కేదాన్ని కాదని ఆయనకి తెలుసు.

నన్సియో రేవులో దిగగానే మా సూర్యలంక వాసన. ఇసుక మీద డగా చేపలు ఎండుతున్నాయి, మన నెత్తళ్ళంత ఉంటాయి. ఈ దీవిలో అల్బినిజం ఉన్నవాళ్ళు చెప్పుకోదగ్గంత మంది.

ఇక్కడ అమ్మల్ని పెద్దబిడ్డ పేరుతో, ఫలానావాళ్ళమ్మా అని పిలుస్తారు, మన పల్లెల్లో లాగే. స్టోర్‌కీపర్ వాళ్ళక్క గుమ్మంలోనే నిలబడి ఉంది. మమ్మల్ని దాటుకుని వెళ్ళి తమ్ముడి రెండు చేతులూ పట్టుకుంది. తర్వాత మొహం, మెడ, చేతులు తడుముతూ చూసింది. పుండు లేదు. "ముప్పై నాలుగా?" అని మళ్ళీ అడిగింది. అవునన్నాం. వాళ్ళ పిల్లల్ని పిలిచి వరసగా నిలబెట్టి, వీణ్ణి చూపించి గబగబా ఏదో చెప్పింది. మా ఆయన తెలుగులో చెప్పాల్సిన పని లేకపోయింది. చూడ్డానికి ఏముందీ అని నేననుకున్నది అప్పుడు గుర్తొచ్చి సిగ్గేసింది.

భోజనానికి ఉగాలి, అంటే మొక్కజొన్న సంకటి. సాతో చేప పులుసు, తోటకూర. తోటకూర అచ్చంగా మన తోటకూరే. మా అరిసెలు పిల్లలు ఆవురావురుమని తిన్నారు.

రెండో తెల్లబిడ్డ పుట్టాక భర్త వెళ్ళిపోయాడట. మా ఇంటావంటా లేదు, నువ్వే ఎవడో ముజుంగుతో తిరిగావన్నాడు. వాళ్ళమ్మ కూడా అదే అంది. ఆవిడ ఇదంతా గిన్నెలు కడుగుతూ చెప్పింది, ఏడవలేదు. నాలో టీచర్ ఊరుకోలేదు. అరుగు మీద మొక్కజొన్న గింజలు, ఎర్ర చిక్కుడు గింజలు పెట్టుకుని కూర్చున్నాను. మీ దగ్గర ఒక చిక్కుడు, ఒక మొక్కజొన్న. ఆయన దగ్గరా అంతే. చిక్కుడు గింజ ఒక్కటున్నా బిడ్డ నల్లగానే పుడుతుంది, అందుకే మీ ఇద్దరిలో ఎవరికీ బయటికి తెలీదు. బిడ్డ మీ దగ్గరొకటి, ఆయన దగ్గరొకటి తీసుకుంటుంది. రెండూ మొక్కజొన్నే వస్తే ఇలా. ప్రతి కాన్పుకీ నాలుగింట ఒక వంతు అవకాశం. మా అమ్మానాన్నలదీ ఇదే కథ, గ్రహణమూ కాదు, కుంకుమపువ్వూ కాదు. మా ఇంటి ఉదాహరణ మొదటిసారి చెప్పిన క్లాసు ఆ అరుగే.

ఆవిడ గింజలు తనే మళ్ళీ పేర్చింది. మూడోసారి పేర్చి, ఆయన వైపున్న మొక్కజొన్న గింజ మీద వేలు పెట్టి, "ఇది లేకపోతే ఈ పిల్లలు లేరా?" అంది. లేరన్నాను. ఆ గింజ తీసి కాంగా అంచున ముడేసుకుంది. శనివారం సంతలో అత్త కనిపిస్తుందట.

ఎనిమిదో రోజు

పెద్దబ్బాయికి పదకొండేళ్ళు. మొదటి బెంచీలోనే కూర్చుంటాడు, అయినా బోర్డు కనపడదు. పక్కవాడి పుస్తకంలో చూసి రాస్తాడు. పక్కవాడు బడికి రాకపోతే వీడి పుస్తకం ఆరోజు ఖాళీ. తమ్ముడు పడీ పడీ నవ్వాడు. "నా పక్కవాడికి నెలకోసారి జ్వరం వచ్చేది రా!" ఈ మాట తెలుగులోనే అన్నాడు. మా ఆయన తర్జుమా చేసేలోపే ఆ అబ్బాయి కూడా నవ్వేశాడు.

హైదరాబాద్ ఎల్వీ ప్రసాద్ కంటి ఆసుపత్రిలో ఇచ్చిన బొటనవేలంత దుర్భిణి మా తమ్ముడి జేబులో ఎప్పుడూ ఉంటుంది. డిగ్రీ అంతా దాంతోనే గట్టెక్కాడు. అది అబ్బాయి కంటికి పెట్టి, తిప్పడం చూపించాడు. అబ్బాయి సరస్సు వైపు తిప్పి చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత పడవలు లెక్కపెట్టాడు. ఆరు. మేం రేవుకి బయల్దేరేటప్పుడు అది అబ్బాయి మెడలోనే ఉంది. "బ్యాంకులో ఎలారా?" అని గొణిగాను. "కంప్యూటర్లో అక్షరాలు పెద్దవి చేసుకోవచ్చక్కా. బోర్డుని చేసుకోలేం కదా."

రేవులో అబ్బాయి, చెల్లెలు వచ్చి చెయ్యూపారు. ఫెర్రీ కదిలాక కూడా అబ్బాయి "కాకా! కాకా!" అని అరుస్తూ రెండు చేతులతో తన చెవులు పట్టుకుని లాగి చూపిస్తున్నాడు. తమ్ముడికి ఒడ్డు మసక. "ఏం చేస్తున్నాడక్కా?" అన్నాడు. చెప్పాను. వాడు బ్యాగులోంచి కిలిసన్ తీసి నా చేతిలో పెట్టి, చెవి ముందుకి మడిచి కూర్చున్నాడు.

సిగ్నల్ వచ్చాక అమ్మ వీడియో కాల్. ముందు వాడి చేతులు రెండూ పైకెత్తి చూపించమంది. చూసింది. తర్వాత, "అక్కడ నిన్నేమని పిలుస్తున్నార్రా?" అంది.

"కాకా అంటున్నారమ్మా." అన్నయ్య అని దానర్థం, అది చెప్పేలోపే అమ్మ అందుకుంది.

"కాకా పడుతున్నారా? పర్సు జాగ్రత్త నాయనా."